ఇండియానా గెలుపు కొన్నది కాదు, అయినా బాకీ ఉంది

2026 జనవరి 19 రాత్రి మయామిలో, నేను చదివిన ఇండియానా యూనివర్సిటీ అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు 27-21తో నేషనల్ ఛాంపియన్ అయింది. మర్నాడు ఆఫీసులో, మా ప్రత్యర్థి యూనివర్సిటీ పర్డ్యూలో చదువుకున్న సహోద్యోగి ఒకాయన నా దగ్గరికొచ్చి చెయ్యి కలిపి, "మంచి టీమ్‌నే కొనుక్కున్నారు" అన్నాడు. సాయంత్రానికి మా ఎంఎస్ బ్యాచ్ వాట్సాప్ గ్రూపులో, డాలస్‌లో ఉండే ఫ్రెండ్ అదే మాట ఇంకోలా అన్నాడు: "ఇది ఐపీఎల్ వేలం కాక ఇంకేంటి? మధ్యలో కాలేజీ పేరెందుకు?"

ఇద్దరూ ఆట బాగా తెలిసినవాళ్ళే. అందుకే ఆ మాటను అంత తేలిగ్గా వదిలేయలేకపోయాను. వాళ్ళన్నది తప్పనే నా నమ్మకం. కానీ ఎందుకు తప్పో ఆలోచిస్తూ పోతే, వాళ్ళిద్దరూ అడగని ఇంకో ప్రశ్న ఎదురైంది. ఈ సీజన్ మీద నాకున్న ఇష్టం రవ్వంత కూడా తగ్గకుండానే ఆ ప్రశ్న అడగాలనిపిస్తోంది.

నేను ఇండియానా యూనివర్సిటీ ఉన్న బ్లూమింగ్టన్‌లో చదివేటప్పుడు ఫుట్‌బాల్ శనివారం అంటే స్టేడియం పక్కన మైదానంలో పార్టీ, అంతే. సగంమంది లోపలికే వెళ్ళేవాళ్ళు కాదు, వెళ్ళినవాళ్ళు హాఫ్‌టైమ్‌కి బయటికొచ్చేసేవాళ్ళు. మాది బాస్కెట్‌బాల్ ఊరు. 1976లో ఇక్కడి బాస్కెట్‌బాల్ జట్టు ఒక్క మ్యాచ్ కూడా ఓడకుండా టైటిల్ గెలిచింది, పురుషుల్లో ఆ తర్వాత ఇంతవరకూ ఏ కాలేజీకీ అది సాధ్యపడలేదు. ఫుట్‌బాల్ సంగతి వేరు. 2025 సీజన్ మొదలయ్యేనాటికి టాప్ డివిజన్ చరిత్రలో అందరికంటే ఎక్కువ ఓటములు మూటగట్టుకున్న ప్రోగ్రామ్ మాదే. 2023లో 3 గెలుపులు, 9 ఓటములు. 2024కి ముందు ఒక సీజన్‌లో పది మ్యాచ్‌లు గెలిచిన చరిత్రే లేదు. అలాంటి జట్టు ఇప్పుడు 16 ఆడి 16 గెలిచింది. ఇంతకుముందు 16-0 చేసింది 1894లో యేల్.

డబ్బు మాట

ముందు డబ్బు సంగతి తేల్చాలి. డబ్బు ఉంది, దాచేదేమీ లేదు. 2023 చివర పాత కోచ్ టామ్ అలెన్‌ను పంపించడానికే యూనివర్సిటీ 1.55 కోట్ల డాలర్లు ఇవ్వడానికి ఒప్పుకుంది. ఇప్పటి కోచ్ కర్ట్ సిగ్నెట్టికి 2025 అక్టోబరులో కుదిరిన ఒప్పందం ఎనిమిదేళ్ళది, ఏడాదికి సగటున 1.16 కోట్ల డాలర్లు. వ్యాపారవేత్త మార్క్ క్యూబన్ లాంటి పూర్వ విద్యార్థులు చెయ్యి వేశారు. 2025 జులై నుంచి కాలేజీలు ఆటగాళ్ళకు నేరుగా డబ్బివ్వడం కూడా చట్టబద్ధమైంది.

కానీ అలా ఇచ్చే మొత్తానికి ఒక పరిమితి ఉంది, 2025-26కి 2.05 కోట్ల డాలర్లు. అది అందరికీ ఒక్కటే. కాలేజీ మారాలనుకునే ఆటగాళ్ళు పేరు నమోదు చేసుకునే ట్రాన్స్‌ఫర్ పోర్టల్ తలుపు కూడా అందరికీ తెరిచే ఉంది. మా సహోద్యోగి చదివిన పర్డ్యూనే చూడండి. 2024లో ఒక్కటే గెలిచి, 2025కి కోచ్‌ను మార్చుకుని, పోర్టల్ నుంచి పెద్ద సంఖ్యలో ఆటగాళ్ళను తెచ్చుకుంది. ఫలితం 2 గెలుపులు, 10 ఓటములు. ఫైనల్లో మా మీద ఆడిన మయామి యూనివర్సిటీ క్వార్టర్‌బ్యాక్ (పాస్‌లు విసిరి ఆట నడిపేవాడు) కార్సన్ బెక్ కూడా జార్జియా యూనివర్సిటీ నుంచి వచ్చినవాడే. మా కాన్ఫరెన్స్, అంటే మేం ఆడే కాలేజీల లీగ్ అయిన బిగ్ టెన్ ఫైనల్లో 13-10తో మేం ఓడించిన ఒహాయో స్టేట్‌కి డబ్బు తక్కువని ఎవరైనా అనగలరా? ఆ జట్టు మీద మేం అంతకుముందు గెలిచింది 1988లో. జాతీయ ప్లేఆఫ్ క్వార్టర్‌ఫైనల్ అయిన రోజ్ బౌల్లో 38-3తో చిత్తయిన అలబామాకి తక్కువా? డబ్బు పెడితే చాలు అనుకుంటే ఈ రెండూ ఏటా మా మీద గెలిచి తీరాలి.

పైగా మా జట్టులో ఫైవ్ స్టార్ అన్న ముద్రతో వచ్చిన కుర్రాడు ఒక్కడూ లేడు. స్టార్ల లెక్క తెలియనివాళ్ళ కోసం ఒక్క ముక్క: హైస్కూల్లో పదహారు పదిహేడేళ్ళ వయసులో రిక్రూటింగ్ సైట్లు ప్రతి కుర్రాడికీ రేటింగ్ ఇస్తాయి. పెద్ద కాలేజీలు ఆ రేటింగ్ వెంట పరిగెడతాయి. వేలంలో ఖరీదైన సరుకే కొన్నాడని ఎవరినైనా అనాలంటే, ముందు ఆ సరుకు వాడి దగ్గర కనిపించాలి కదా.

ఏం చూసి ఎంచుకున్నాడు

సిగ్నెట్టి ఈ విషయంలో చాలా స్పష్టంగా ఉంటాడు. కుర్రాడు ముందుముందు ఏం చేయగలడో అన్న అంచనా కంటే, ఇప్పటికే మైదానంలో ఏం చేసి చూపించాడన్నదే ఆయనకు ముఖ్యం. ఆయన జీవితం కూడా అలాంటిదే. తండ్రి ఫ్రాంక్ సిగ్నెట్టి పేరున్న కోచ్. తను అలబామాలో నిక్ సేబన్ దగ్గర అసిస్టెంట్. అక్కడే ఉంటే సుఖంగా గడిచిపోయేది. అది వదిలేసి 2011లో, యాభైకి దగ్గరపడిన వయసులో, తండ్రి ఒకప్పుడు కోచ్‌గా పనిచేసిన రెండో స్థాయి (డివిజన్ 2) కాలేజీకి హెడ్ కోచ్‌గా వెళ్ళాడు. అక్కణ్ణించి ఈలాన్ యూనివర్సిటీ, తర్వాత వర్జీనియాలోని జేమ్స్ మాడిసన్ యూనివర్సిటీ, ఆ తర్వాతే ఇండియానా. జేమ్స్ మాడిసన్‌లో 52 గెలిచి 9 ఓడాడు. ఇక్కడికొచ్చిన కొత్తలో విలేకరి ఒకరు రిక్రూట్లను ఎలా ఒప్పిస్తారని అడిగితే, నేను గెలుస్తాను, గూగుల్ చేసి చూసుకోండి అన్నాడు. అప్పట్లో అది పొగరులా వినిపించింది. ఇప్పుడు ఆలోచిస్తే, కుర్రాళ్ళను చూసే కొలతతోనే తననీ చూడమన్నాడంతే.

ఆయన వెంట జేమ్స్ మాడిసన్ నుంచి 13 మంది వచ్చారు. వాళ్ళలో డియాంజెలో పాండ్స్ పొట్టివాడని పెద్ద కాలేజీలు పట్టించుకోలేదు. ఆ పాండ్స్ సెమీఫైనల్లో ఆరెగన్ మీద మొదటి బంతికే పాస్‌ను మధ్యలో అందుకుని, బంతిని చివరి గీత దాటించి టచ్‌డౌన్ చేశాడు. ఆ మ్యాచ్ 56-22తో ముగిసింది. 2024లో మాకు క్వార్టర్‌బ్యాక్‌గా ఆడిన కర్టిస్ రూర్క్ ఒహాయో యూనివర్సిటీలో ఏళ్ళ తరబడి ఆడి వచ్చిన కెనడా కుర్రాడు. మోకాలి లిగమెంట్ తెగిన కాలుతోనే ఆ సీజనంతా ఆడాడని తర్వాత తెలిసింది. ఇక ఫెర్నాండో మెండోజా. మయామిలో పెరిగిన క్యూబా మూలాలున్న కుర్రాడు, హైస్కూల్లో టూ స్టార్. ఊళ్ళోని యూనివర్సిటీ వద్దనుకుంది. యేల్‌కి వెళ్దామనుకుంటున్న సమయంలో కాలిఫోర్నియా, అంటే బర్క్‌లీ, పిలిచింది. అక్కడ తనను కాపాడాల్సిన లైన్ బలహీనంగా ఉన్నా, దాని వెనక నిలబడి దెబ్బలు తింటూ ఆడాడు, మూడేళ్ళలో డిగ్రీ పూర్తి చేశాడు, తర్వాత మా దగ్గరికొచ్చి, దేశంలో ఉత్తమ కాలేజీ ఆటగాడికిచ్చే హైస్మన్ ట్రోఫీ గెలిచాడు. చివరికి సొంత ఊళ్ళో, తనను వద్దనుకున్న యూనివర్సిటీ మీదే ఫైనల్ ఆడాడు. నాలుగో డౌన్‌లో, అంటే ఆఖరి ప్రయత్నంలో, పన్నెండు గజాలు తానే పరిగెత్తి, దెబ్బ మీద దెబ్బ తగులుతున్నా చివరి గీత అవతలి ఎండ్‌జోన్‌లోకి దూకాడు. సీజన్ మొత్తంలో నేను మళ్ళీ మళ్ళీ చూసేది ఆ పరుగే.

ఇంతవరకూ నా వాదన బలంగానే ఉంది. మార్కెట్ చవగ్గా చూసినవాళ్ళను, పనితనం చూసి గుర్తించడం కొనుక్కోవడం కాదు. అది కంటితో చేసే కష్టమైన పని, ఎక్కువమందికి చేతకాని పని.

కార్తీక శనివారం

2025 నవంబరు 8న, ఇండియానాపొలిస్ పక్కనున్న కార్మెల్‌లో తెలిసినవాళ్ళింట్లో సత్యనారాయణ వ్రతం. కార్తీకమాసం శనివారం కాబట్టి ఇల్లు నిండిపోయింది. అదే మధ్యాహ్నం పెన్ స్టేట్‌తో మ్యాచ్. వ్రతకథ అయ్యి, ప్రసాదం తీసుకుని, భోజనాల లైన్లో నిలబడేసరికి బేస్‌మెంట్లోంచి కేకలు వినిపించాయి. ప్లేటు చేత్తో పట్టుకునే కిందికి దిగాను. మేం 24-20తో వెనకబడి ఉన్నాం, రెండు నిమిషాల కంటే తక్కువ ఉంది, ఎనభై గజాలు పోవాలి, టైమవుట్లు లేవు. మొదటి బంతికే మెండోజా కింద పడ్డాడు. టెన్షన్‌తో ఎవరి ప్లేట్లోనూ పులిహోర కదల్లేదు.

తర్వాత జరిగింది చాలామంది చూసే ఉంటారు. ముప్పై ఆరు సెకన్లు మిగిలుండగా ఒమార్ కూపర్ జూనియర్ ఎండ్‌జోన్ వెనక గీత దగ్గర గాల్లోకి లేచి, బంతి అందుకుని, బయట పడిపోతూ కూడా ఒక కాలి వేళ్ళను గీత లోపల ఆనించాడు. 27-24. పైనుంచి వదినగారు, "ఏమైంది, ఎవరైనా పడిపోయారా?" అని అడిగేంత గోల.

ఆ గోల తగ్గాక ఇంటివాళ్ళబ్బాయి, హైస్కూల్ కుర్రాడు, నాతో ఒక మాట అన్నాడు. "అంకుల్, కూపర్ మన ఇండియానాపొలిస్ లారెన్స్ నార్త్ స్కూలే. తనని తెచ్చింది ఈ కోచ్ కాదు, పాత కోచ్." ఆ కుర్రాడు అది గర్వంగా చెప్పాడు, లోకల్ అబ్బాయి అన్న గర్వం. నాకు మాత్రం ఆ మాట అక్కడే మనసులో పడిపోయింది.

మొదట నమ్మింది ఎవరు?

ఎందుకంటే అది ఒక్క కూపర్‌తో ఆగదు. ఫైనల్లో మ్యాచ్ తిప్పిన ఘట్టం తీసుకోండి. మయామి పంట్‌ను, అంటే బంతిని దూరంగా తన్నేసే కిక్‌ను, అడ్డుకున్నది మికైల్ కమారా, జేమ్స్ మాడిసన్ నుంచి వచ్చినవాడు. ఎండ్‌జోన్‌లో ఆ బంతి మీద పడి టచ్‌డౌన్ చేసింది ఐజాయా జోన్స్, అలెన్ కాలంలో హైస్కూల్ నుంచి నేరుగా ఇండియానాకి వచ్చినవాడు. చివరి నిమిషంలో బెక్ విసిరిన బంతిని లాక్కుని ఆట ముగించింది జమారి షార్ప్. ఇతనూ మయామి కుర్రాడే, ఇతనూ అలెన్ తెచ్చినవాడే. పని చూపించలేకపోయాడని మేం కోట్లిచ్చి సాగనంపిన కోచ్, పని చూపించే అవకాశమే ఇంకా రాని కుర్రాళ్ళను నమ్మి తెచ్చాడు. వాళ్ళే ఇప్పుడు ట్రోఫీ ఎత్తారు.

చేసి చూపించినవాళ్ళనే తీసుకుంటాను అనే పద్ధతి ఎంత మంచిదైనా, అది నడవాలంటే ఎక్కడో ఎవరో ఒకరు చేసి చూపించడానికి మొదటి అవకాశం ఇచ్చి ఉండాలి. మెండోజాకి బర్క్‌లీ ఇచ్చింది. రూర్క్‌కి ఒహాయో యూనివర్సిటీ ఇచ్చింది. పాండ్స్, కమారాలకు జేమ్స్ మాడిసన్ ఇచ్చింది. సన్నగా, బరువు చాలకుండా, పాస్‌లు జారవిడుస్తూ ఉండే పద్దెనిమిదేళ్ళ కుర్రాణ్ణి రెండేళ్ళు తీర్చిదిద్దే పనిలో పేరు రాదు. ఆ పని ఎవరు చేసినా ఫలం తీసుకునేది మాలాంటి పెద్ద కాన్ఫరెన్స్ కాలేజీయే.

ఇది మన తెలుగువాళ్ళకు కొత్తగా చెప్పాలా? మా ఊరి జిల్లా పరిషత్ హైస్కూల్లో లెక్కల మాస్టారు ఒకాయన, నా క్లాస్‌మేట్ ఒకణ్ణి ఆరో తరగతి నుంచి సాయంత్రాలు ఇంట్లో కూర్చోబెట్టి చెప్పారు. వాడికి టెన్త్‌లో మంచి మార్కులొచ్చాయి. వెంటనే ఒక కార్పొరేట్ కాలేజీవాళ్ళు వచ్చి ఫ్రీ సీటిచ్చి తీసుకెళ్ళారు. రెండేళ్ళ తర్వాత వాడి ఫోటో ర్యాంకుతో సహా పేపర్లో పేజీ నిండా వేసుకున్నారు. మాస్టారు ఆ పేజీ కత్తిరించి స్టాఫ్ రూమ్ బోర్డుకి అంటించి, వచ్చినవాళ్ళందరికీ చూపించుకున్నారు. ఆయనకే బాధా లేదు. బాధ నాకుంది. వాడికి ఆ రెండేళ్ళ చదువూ అవసరమే, వెళ్ళి మంచి పనే చేశాడు. కానీ ఆ స్కూలుకి ఒక్క బెంచీ అయినా వచ్చి ఉండాల్సింది.

సెయింట్ ఫ్రాన్సిస్

పాస్‌లు అందుకునే మా రిసీవర్ ఎలైజా సరట్ దారి చూస్తే ఈ బాధ ఇంకా ఎక్కువవుతుంది. 2022లో అతనికి అవకాశమిచ్చింది పెన్సిల్వేనియాలో లొరెటో అనే చిన్న ఊళ్ళోని సెయింట్ ఫ్రాన్సిస్ యూనివర్సిటీ. ఏడాది ఆడాక జేమ్స్ మాడిసన్ తీసుకుంది. ఇంకో ఏడాదికి సిగ్నెట్టితో మా దగ్గరికొచ్చాడు. ఈ రెండేళ్ళలో కష్టమైన థర్డ్ డౌన్ వచ్చిన ప్రతిసారీ మేం వెతికింది అతన్నే.

2025 మార్చిలో సెయింట్ ఫ్రాన్సిస్ తాము డివిజన్ 1 వదిలేసి డివిజన్ 3కి వెళ్ళిపోతున్నామని ప్రకటించింది. అంతకు కొద్ది రోజుల ముందే వాళ్ళ బాస్కెట్‌బాల్ జట్టు జాతీయ టోర్నమెంట్‌లో ఆడింది. కారణాల్లో పోర్టల్, ఆటగాళ్ళకు డబ్బులిచ్చే కొత్త వ్యవస్థ కూడా ఉన్నాయని వాళ్ళే చెప్పారు. సరట్ ఒక్కడి వల్ల ఇది జరగలేదు, ఆ మాట నేననను. కానీ రేపు సరట్ లాంటి ఇంకో కుర్రాడికి మొదటి అవకాశమిచ్చే తలుపుల్లో ఒకటి మూసుకుంది.

దీనికి ఎదురు సాక్ష్యం కూడా ఉంది, అదీ బలమైనదే. 13 మందిని పోగొట్టుకున్న జేమ్స్ మాడిసన్ కుప్పకూలలేదు. కొత్త కోచ్ బాబ్ చెస్నీతో మళ్ళీ కట్టుకుని, 2025లో 12 గెలిచి, మాతోపాటు అదే ప్లేఆఫ్‌లో అడుగుపెట్టింది. ఆరెగన్‌లో 51-34తో ఓడినా అక్కడిదాకా వచ్చింది. దీన్ని చూసి, చిన్న కాలేజీలకు నష్టమేమీ లేదు, పోయినవాళ్ళ చోట కొత్తవాళ్ళు వస్తారు అనేవాళ్ళున్నారు. కొన్ని రోజులు నాకూ అలాగే అనిపించింది. తర్వాత చూస్తే చెస్నీని పెద్ద యూనివర్సిటీ యూసీఎల్ఏ తీసుకెళ్ళింది. మళ్ళీ మొదటికి. ప్రతి రెండేళ్ళకూ మొత్తం ఇల్లు కట్టుకోగలిగే శక్తి జేమ్స్ మాడిసన్‌కి ఉంది, వాళ్ళ దగ్గర అభిమానులున్నారు, స్టేడియం ఉంది. లొరెటోకి లేదు.

మరి ఏం చేయాలి

పాత రోజుల్లోలాగా కాలేజీ మారినవాడు ఏడాది ఖాళీగా కూర్చోవాలనే నిబంధన మళ్ళీ తేవాలా? వద్దు. కోచ్‌లు ఎప్పుడంటే అప్పుడు వెళ్ళిపోతూ, కుర్రాళ్ళను మాత్రం కట్టిపడేయడం అన్యాయం. మెండోజా బర్క్‌లీలోనే ఉండిపోవాల్సి వస్తే అతనికి జరిగే నష్టం ఎవరు తీర్చేవాళ్ళు?

ప్రపంచ సాకర్‌లో ఇంకో దారుంది. ఫీజిచ్చి ఆటగాణ్ణి ఇంకో దేశపు క్లబ్బుకి తీసుకుంటే, ఆ ఫీజులో 5 శాతం అతనికి 12 నుంచి 23 ఏళ్ళ మధ్య శిక్షణ ఇచ్చిన క్లబ్బులకు పంచాలని ఫిఫా నిబంధన. పేరు తెలియని చిన్న క్లబ్బులకు కూడా ఇలా డబ్బు చేరుతుంది. కాలేజీ ఫుట్‌బాల్లో ట్రాన్స్‌ఫర్ ఫీజు లేదు కాబట్టి యథాతథంగా పెట్టలేం. కానీ 2025 సీజన్‌లో ఫైనల్ దాకా వెళ్ళిన జట్టు తన కాన్ఫరెన్స్‌కి ప్లేఆఫ్ నుంచి తెచ్చిన డబ్బు 2 కోట్ల డాలర్లు. అందులో 5 శాతం అంటే 10 లక్షలు. కుర్రాడి జేబులోంచి ఒక్క డాలరు తీయకుండా, ఆ పది లక్షలను అతను ఇంతకుముందు ఆడిన కాలేజీలకు పంచవచ్చు.

డాలస్ ఫ్రెండ్‌తో దీని మీద చాలాసేపు వాదించాను. వాడి అభ్యంతరం గట్టిదే: "ఆ చిన్న కాలేజీ కూడా ఆ కుర్రాడి ఆటతో టికెట్లు అమ్ముకుంది. రెండేళ్ళు చవగ్గా ఆడించుకుంది. ఇంకా ఏం బాకీ?" నిజమే, బర్క్‌లీ లాంటి పెద్ద యూనివర్సిటీ విషయంలో నేను దాన్ని పూర్తిగా ఒప్పుకుంటాను. బర్క్‌లీకి ఎవరూ ఏమీ ఇవ్వక్కర్లేదు. కానీ వాడు ఒక సంగతి వదిలేస్తున్నాడు. ఒప్పందం మధ్యలో కోచ్ వెళ్ళిపోతే పాత కాలేజీకి పరిహారం రావడం ఈ ఆటలో ఎప్పటి నుంచో ఉన్న పద్ధతి, మామూలుగా దాన్ని కొత్త కాలేజీయే కడుతుంది. కోచ్‌ను తయారుచేసిన కాలేజీకి హక్కుందని అందరూ ఒప్పుకుంటున్నప్పుడు, ఆ కోచ్ వెంట వెళ్ళిన పదమూడుగురి విషయంలో ఆ కాలేజీకి ఏ హక్కూ లేదనడం ఎలా కుదురుతుంది?

వీటన్నిటికీ కాలేజీ ఆటలను నడిపే సంస్థ ఎన్‌సీఏఏ, కాన్ఫరెన్సులు, కోర్టులు కదలాలి. అది ఎప్పటికి అవుతుందో చెప్పలేం. ఎవరి అనుమతీ అక్కర్లేకుండా ఇండియానా రేపే చేయగలిగింది మాత్రం ఒకటుంది. ప్రతి సెప్టెంబరులో పెద్ద కాలేజీలు చిన్న కాలేజీలను డబ్బిచ్చి తమ స్టేడియానికి పిలిచి ఆడతాయి. చిన్న కాలేజీల క్రీడా బడ్జెట్లో ఆ ఒక్క చెక్కే పెద్ద వాటా. 2025లో మేం ఓల్డ్ డొమినియన్‌ను, కెన్నెసా స్టేట్‌ను, టెరె హోట్ నుంచి ఇండియానా స్టేట్‌ను పిలిచాం. ఆ మ్యాచ్‌లకు ఎవరిని పిలవాలన్నది మా చేతుల్లోనే ఉంది. మా ఆటగాళ్ళు ఏ కాలేజీల నుంచి వచ్చారో ఆ చిన్న కాలేజీలనే ముందు పిలవాలి, మామూలు కంటే పెద్ద చెక్కు ఇవ్వాలి. టికెట్ల కోసం ఇప్పుడు జనం ఎగబడుతున్నారు, స్టేడియం ఎలాగూ నిండుతుంది.

పూర్వ విద్యార్థిగా ఈ సంగతే రాసి అథ్లెటిక్ డిపార్ట్‌మెంట్‌కి పంపాను. ఒహాయో యూనివర్సిటీని పిలవచ్చు, జేమ్స్ మాడిసన్‌ను పిలవచ్చు. ఆ ఉత్తరంలో సెయింట్ ఫ్రాన్సిస్ పేరు కూడా రాసి, తర్వాత తీసేయాల్సి వచ్చింది. 2026 నుంచి వాళ్ళు డివిజన్ 3 వైపు వెళ్ళిపోతున్నారు, ఇక వాళ్ళను ఆ మ్యాచ్‌కి పిలిచే వీలే లేదు.